నిమ్మకాయ ఎప్పుడు చెత్త అవుతుంది?

మున్సిపాలిటీలో కొత్తగా చేరిన పిల్లలు అప్పుడప్పుడు చాయ్ బండి దగ్గర నన్ను పట్టుకుంటారు. "మీ కాలంల గీ ఏఐ గీఐ ఏం లేకుండె గదా సార్, మీకు మంచిగుండె" అంటారు.

"మీ కాలం" అనే మాట వింటేనే నాకు ఒళ్లు మండుతుంది. నేను రిటైరై ఎంతో కాలం కాలేదు. ఏఐ నా సర్వీసు ఉండగానే వచ్చింది. దాన్ని చూశాను, దానితో పోట్లాడాను, దాని పుణ్యమా అని ఒకరోజు పట్టపగలు నడిబజారులో చెత్త ఆటోను తోశాను. నా పక్కన నిలబడి తోసినవాళ్లలో హైదరాబాదు నుంచి వచ్చిన పెద్ద ఆఫీసరమ్మ కూడా ఉంది. ఆ సంగతి చెబుతాను వినండి. రేపు మీ నెత్తిన ఇంకేదో మిషను వచ్చి కూర్చున్నప్పుడు పనికొస్తుంది.

నేను శానిటరీ ఇన్‌స్పెక్టర్‌ని. జడ్చర్ల దాటి కొత్తకోట వైపు పోయే దారిలో ఉన్న ఒక ఊళ్లో పనిచేశాను. ఊరి పేరు చెప్పను, ఇప్పటికీ అక్కడే కిరాయికి ఉంటున్నాను. నా కింద ఒక జవాను ఉండేవాడు. మున్సిపాలిటీలో జవాను అంటే తుపాకి పట్టినవాడు కాదు, సఫాయి పనివాళ్లకు హాజరు వేసి పని చూసేవాడు. ఈల ఊదడంలో మాత్రం సైన్యానికి తీసిపోడు.

ఒక కంపెనీవాళ్లు వచ్చి ఊరి కూడళ్లలో కెమెరాలు బిగించారు. కెమెరా వెనక ఏఐ ఉందన్నారు. రోడ్డు మీద చెత్త కనబడితే తెర మీద దాని చుట్టూ ఎర్ర డబ్బా గీస్తుంది. ఊడ్చేస్తే డబ్బా పచ్చగా మారిపోతుంది. చెత్త షెడ్డులో బెల్టు మీద ఇంకో కెమెరా పెట్టారు, అది ప్లాస్టిక్ సీసాలను, అట్టపెట్టెలను, పాల ప్యాకెట్లను వేరువేరుగా గుర్తుపట్టి చెబుతుంది. ఉన్నమాట చెప్పాలి కదా, షెడ్డులో ఆ మిషను బాగా పనిచేసింది. రీసైక్లింగ్‌కు పోవలసిన సరుకు డంపింగ్ యార్డులో తగలబడిపోవడం తగ్గింది. గొడవంతా రోడ్డు మీదనే.

ఆ కెమెరాకు చెత్త కనబడుతుంది కానీ మనుషులు కనబడరు. ఒక చలికాలం పొద్దున బస్టాండు ముందు పెద్ద చెత్తమూట ఉందని ఎర్ర డబ్బా గీసింది. జవాను ఆటో తీసుకొని పోయాడు. చూస్తే గొంగడి కప్పుకొని పడుకున్న ముసలాయన. జవాను గొంగడి కొస పట్టుకొని లాగేసరికి ఆయన లేచి కూర్చుని, "ఏంది కొడుకా, నన్ను ఎత్తుకపోను బండి తెచ్చినవా? జర ఆగు, చాయ్ తాగొస్త" అన్నాడట. ఇంకోసారి ఆవిష్కరణకు సిద్ధంగా గుడ్డ చుట్టి ఉంచిన విగ్రహాన్ని పట్టుకొని "అతి పెద్ద సంచి, తొలగించలేదు" అని వారమంతా మొత్తుకుంది. ఆవిష్కరించే నాయకుడికి తీరిక లేదు, మాకు ఆ గుడ్డ విప్పే అధికారం లేదు. ఆ వారం మేము మిషనుకు సమాధానం చెప్పలేక, నాయకుడికి ఫోన్ చేయలేక నలిగిపోయాం.

ఇవన్నీ నవ్వుకునే సంగతులే. నవ్వు రానిది ఒక్కటి ఉంది. ఎర్ర డబ్బా చాలాసేపు అట్లాగే ఉండిపోతే, ఆ రోడ్డు ఊడ్చే మనిషి పేరు మీద ఫోనులో ఒక ఎర్ర గీత పెరుగుతుంది. గీత నిండిందంటే ఆ మనిషిని తీసేసి వేరేవాళ్లను పెట్టుకోమని కంట్రాక్టరుకు మెసేజ్ పోతుంది. మా సఫాయి వాళ్లంతా అవుట్‌సోర్సింగ్ వాళ్లే. అడిగే దిక్కు లేదు. కంట్రాక్టరును అడిగితే "సిస్టమ్ చెప్పింది" అంటాడు. సిస్టమ్‌ను అడగడానికి దానికి చెవులు లేవు.

మూడు బాటల కాడ ఊడ్చే ఆమె గీతే అందరికంటే పొడుగ్గా ఉండేది. పనిమంతురాలు, నోరూ గట్టిదే. వాళ్లమ్మ కూడా ఆ రోడ్డే ఊడ్చింది. భర్త లేడు, బిడ్డ మహబూబ్‌నగర్‌లో నర్సింగ్ చదువుతోంది. ఈ జీతం ఆగితే ఆ చదువూ ఆగుతుంది. ఆ సంగతి ఆమె నాకు ఎన్నిసార్లు చెప్పిందో లెక్కలేదు, ప్రతిసారీ చీపురు కిందపెట్టి చెప్పేది.

మూడు బాటల కాడ ఏముంటుందో మన పక్కన పుట్టినవాళ్లకు చెప్పక్కర్లేదు. అమావాస్య వచ్చిందంటే తెల్లారేసరికి అక్కడ కుంకుమ పూసి కోసిన నిమ్మకాయలు, పసుపన్నం ముద్దలు, పగిలిన గుమ్మడికాయ, కోడిగుడ్డు, ఒక్కోసారి నల్లగుడ్డ బొమ్మ. ఊళ్లోవాళ్ల దిష్టి అంతా అక్కడికే వస్తుంది. కెమెరా రాకముందు వాటి జోలికి ఎవరూ పోయేవారు కాదు. కాకులు, కుక్కలు, ఎండ, లారీలు కలిసి వాటి పని చూసేవి. బండి తొక్కి నుజ్జయిన తర్వాత ఆమె ఊడ్చేది. మిషనుకు ఇదంతా ఎట్లా తెలుస్తుంది? నిమ్మకాయ పడిందా, డబ్బా గీసిందా, ఆమె పేరు మీద గీత పెంచిందా, అంతే.

జవాను ఒక ఉపాయం చెప్పాడు. ఆమె ఆదివారం చర్చికి పోయే మనిషి. "నీకు ప్రభువు ఉన్నడు గదా చెల్లె, నీకేం గాదు, తీసెయ్" అన్నాడు.

"ప్రభువు నాకు తెల్సు అన్నా. ఆ దిష్టి తీసినోళ్లకు తెల్వదు గదా" అంది ఆమె.

నేనేమో మూఢనమ్మకాలు వద్దని బడిపిల్లలకు ఉపన్యాసాలు ఇచ్చినవాణ్ణే, కానీ నా స్కూటరు ఎప్పుడూ ఆ నిమ్మకాయలను చుట్టి పోయేది. స్కూటరుకు అలవాటైపోయింది, నేనేం చేసేది?

చివరికి కమిషనర్ సారు మీటింగు పెట్టాడు. చిన్న వయసు, మంచి మనిషి, అన్నిటికీ తీర్మానం ఉంటే పనైపోతుందని నమ్మేవాడు. నన్ను, జవానును, ఊడ్చే ఆమెను కూర్చోబెట్టుకొని కంపెనీ ఇంజనీరును పిలిపించాడు. ఆ కుర్రాడిది ఆలేరు, చదివింది హైదరాబాదులో. "మీరు ఒక్క మాట చెప్పండి సార్, నిమ్మకాయ ఎప్పుడు చెత్త? ఏ ఫోటో చెత్త, ఏది కాదో మీరు చెబితే మిషనుకు నేర్పిస్తాను" అన్నాడు. చెప్పడానికి ఎంతసేపు పడుతుంది అనుకున్నాం. మధ్యాహ్నం భోజనం చల్లారిపోయింది.

"జ్యూస్ బండాయన పారేసిన నిమ్మచెక్క చెత్త సార్" అన్నాడు జవాను. "కుంకుమ పెట్టి కోసింది చెత్త కాదు."

"దాని మీద ఎవరన్న పాన్ ఉమ్మితె?" అని కమిషనర్ అడిగాడు.

ఇంజనీరు టైపు చేయడం ఆపి మా మొహాలు చూశాడు. పాన్ ఎరుపుకూ కుంకుమ ఎరుపుకూ తేడా ఎట్లా చెప్పాలో మాకెవరికీ తోచలేదు.

"బండి తొక్కితె చెత్త సారు. తొక్కకముందు నేను ముట్ట" అంది ఆమె తేల్చేసి.

"సైకిల్ తొక్కితె?" అన్నాడు కమిషనర్.

"సైకిలు లెక్కల రాదు సార్" అన్నాడు జవాను.

"ఎందుకు రాదు? మా అమ్మ సైకిలు తొక్కినయి గూడ ఊడ్చేది" అంది ఆమె.

"అప్పుడు ఊర్ల మోటర్లు ఎక్కడున్నయి చెల్లె, అందుకే సైకిలుకు సర్దుకునేటోళ్లు."

సైకిలు మీద అరగంట పోయింది. ఆ తర్వాత ఎడ్లబండి వచ్చింది. ఎద్దు కాలు ముందు పడితే ఎట్లా, చక్రం ముందు పడితే ఎట్లా అన్న ప్రశ్న లేవదీసింది నేనే. ఎందుకు లేవదీశానో నాకు ఇప్పటికీ తెలియదు, అందరూ అంత శ్రద్ధగా మాట్లాడుతుంటే నాకూ ఊపు వచ్చింది. చివరికి కమిషనర్ తీర్మానం రాయించాడు: "దిష్టి తీసిన నిమ్మకాయను మోటారు వాహన చక్రము తగిలిన పిమ్మట మాత్రమే చెత్తగా పరిగణించవలెను." అందరం సంతకాలు చేశాం. ఏ ప్రభుత్వ కాగితం మీదా నేను అంత నమ్మకంగా సంతకం చేయలేదు.

ఇంజనీరు పాపం కష్టపడ్డాడు. ఊరంతా తిరిగి నిమ్మకాయల ఫోటోలు తీసి మిషనుకు చూపించాడు. ఫలితం ఏమైందంటే, మిషను నిమ్మకాయను గుర్తుపట్టడం బ్రహ్మాండంగా నేర్చుకుంది. ఎంత దూరాన పడినా, సగం మట్టిలో ఉన్నా పట్టేస్తుంది. దాన్ని వదిలిపెట్టడం మాత్రం ఇంకా నేర్వలేదు. "జర టైం పడుతుంది సార్" అన్నాడు. అంతవరకు గీతలు ఆపమంటే, అవి ఆపడం తన చేతుల్లో లేదని, పైవాళ్లు తనిఖీకి వచ్చిపోయాక అడుగుదామని అన్నాడు. ఆమె గీత నిండడానికి వెంట్రుకవాసి మిగిలింది.

తనిఖీ రోజు రానే వచ్చింది. ఏఐతో ఊరును శుభ్రం చేస్తున్నారని మా పేరు పైకి పోయింది, అవార్డు కూడా రావచ్చన్నారు. మూడు బాటల కాడ షామియానా వేసి, కెమెరా చూసేదంతా కనబడేటట్టు పెద్ద టీవీ పెట్టారు. ఆమె తెల్లవారకముందే వచ్చి ఆ రోడ్డును ఊడ్చిన తీరు చూస్తే అక్కడ పప్పన్నం కలుపుకొని తినవచ్చు అనిపించింది. అమావాస్య కాదు, ఎక్కడా దిష్టి లేదు. నేను ఊపిరి పీల్చుకున్నాను.

ఆఫీసరమ్మ కారు దిగింది. కమిషనర్ దండ వేశాడు. టీవీ పెట్టారు.

టీవీలో రోడ్డు కనబడలేదు. సూర్యుడంత నిమ్మకాయ ఒకటి, దాని కింద తాటిచెట్లంత పచ్చిమిరపకాయలు, వాటి సందుల్లోంచి కొంచెం షామియానా, కొంచెం ఆఫీసరమ్మ. మొత్తం అంచు నుంచి అంచు దాకా ఒకే ఎర్ర డబ్బా. డబ్బా మీద "చెత్త" అని రాసి ఉంది. అందులో ఆఫీసరమ్మ మెడలో దండతో నిలబడి ఉంది.

నేను తలెత్తి చూశాను. కెమెరాకు ఎవరో నిమ్మకాయ, మిరపకాయలు కట్టారు. దారం పొడుగై, గాలికి అది సరిగ్గా కన్ను ముందుకు వచ్చి వేలాడుతోంది.

"ఎవడు కట్టిండు?" అని అరిచాను. జవాను తల వంచుకున్నాడు. "ఇంజనీర్ సారే కట్టమన్నడు సార్. ఇంతమంది కండ్లు పడ్తయి, మిషనుకు దిష్టి తగుల్తదని."

ఇంజనీరు వైపు తిరిగాను. "మా ఇంట్ల కొత్త ఫ్రిజ్‌కు గూడ కడ్తం సార్" అన్నాడు మెల్లగా.

ఇంతలో ఊడ్చే ఆమె ఫోను మోగడం మొదలుపెట్టింది. మోగి ఆగుతుంది, మళ్లీ మోగుతుంది. ఆ నిమ్మకాయ ఎప్పటి నుంచి వేలాడుతోందో, కెమెరా తీరిక లేకుండా ఆమె పేరు మీద గీత పెంచుతోంది. ఫోను తీసుకొచ్చి నా ముందు పెట్టింది. గీత నిండిపోయింది. అద్దంలాగా ఊడ్చిన రోడ్డు మీద నిలబడి, "నా నౌకరి పోయింది సారు. నా బిడ్డకేం చెప్పాలె?" అంది. ఎప్పుడూ గట్టిగా మాట్లాడే మనిషి గొంతు అట్లా పలకడం నేను వినలేదు.

"గంటలోపు చెత్త తీసేస్తే మెసేజ్ ఆగిపోతుంది సార్, లేకుంటే కంట్రాక్టర్‌కు పోతుంది" అన్నాడు ఇంజనీరు.

"అయితే విప్పు."

ఇంజనీరు వెనక్కి జరిగాడు. జవాను వైపు చూస్తే, "కట్టినోడు నడిమిట్ల విప్పొద్దు సార్, ఇంటి మీదికొస్తది" అన్నాడు. కమిషనర్ సెల్ ఫోనులో ఏదో ముఖ్యమైన పని చూసుకుంటున్నాడు. నాకు అప్పుడు వచ్చిన కోపం భయం కంటే పెద్దది. దుకాణంలోంచి పొడుగు కట్టె తెప్పించి, కొసకు కొడవలి కట్టి, కెమెరా దగ్గర దారాన్ని ఒక్క వేటు వేశాను. నిమ్మకాయ మిరపకాయలతో సహా వచ్చి రోడ్డు నడుమ పడింది.

టీవీలో ఊరు తేటగా కనబడింది. ఎర్ర డబ్బా చిన్నదై చిన్నదై నిమ్మకాయ చుట్టూ బిగుసుకుంది.

"ఊడ్చెయ్ బిడ్డా" అన్నాను.

ఆమె చీపురు పట్టుకొని రెండడుగులు వేసి ఆగిపోయింది. "తొక్కలే సారు" అంది. ఉద్యోగం పోతోంది, కన్నీళ్లు కారుతున్నాయి, అయినా ముట్టదు. నేను తిట్టడానికి నోరు తెరిచాను. తీర్మానం మీద నా సంతకం కూడా ఉందని గుర్తొచ్చి మూసుకున్నాను.

ఆఫీసరమ్మ కారు డ్రైవరును బండి దాని మీది నుంచి పోనిమ్మన్నాం. "మన బండికి మనం పెట్టుకున్న నిమ్మకాయ వేరు సార్, మంది దిష్టి వేరు. మేడం బండికి ఏమన్న అయితె ఎవరు పూచి?" అన్నాడు. అతని కారు బంపరుకు కూడా ఒక నిమ్మకాయ వేలాడుతోంది. చెత్త ఆటో డ్రైవరు అయితే తాళంచెవి జేబులో వేసుకొని షామియానా వెనక్కి పోయాడు. పక్కరోడ్డు మీద వచ్చే బండ్లు కూడా మా గుంపును, నడుమ నిమ్మకాయను చూసి మర్యాదగా చుట్టి పోతున్నాయి.

ఆఫీసరమ్మ మెడలో దండ తీసి కుర్చీ మీద పెట్టింది. "నడిపెటోడే లేకుంటె ఎవ్వలకు తగుల్తది?" అంది. ఆ ఒక్క మాటతో ఆమె నల్లగొండ వైపు మనిషని తెలిసిపోయింది. "ఆటోను అందరం కలిసి నూకుదాం పట్టుండ్రి."

జవాను మొహం వెలిగిపోయింది. "ఇంతమందిమి పంచుకుంటె ఒక్కొక్కల వాటాకు తుమ్ము గూడ రాదు మేడం" అన్నాడు.

అట్లా ఆటోను తోశాం. ఆఫీసరమ్మ, కమిషనర్, ఇంజనీరు, జవాను, నేను. నడపనన్న ఇద్దరు డ్రైవర్లు కూడా వచ్చి చేయి వేశారు. స్టీరింగు దగ్గర ఎవరూ లేరు కాబట్టి మొదటిసారి చక్రం నిమ్మకాయకు జానెడు దూరం నుంచి పోయింది. మళ్లీ వెనక్కి లాగాం. రెండోసారి ముందు చక్రం తప్పింది, జనమంతా "అయ్యో" అన్నారు. వెనక చక్రం ఎక్కింది. నిమ్మకాయ చిట్లింది. దుకాణాలవాళ్లు చప్పట్లు కొట్టారు. ఆమె పరుగున వచ్చి ఒక్క ఊపులో ఊడ్చి ఆటోలో వేసింది. టీవీలో డబ్బా పచ్చబడింది. ఆమె ఫోను ఇంకోసారి మోగింది, కంట్రాక్టరుకు పోయే మెసేజ్ ఆగిపోయింది.

ఆ ఊపులోనే నేను అనేశాను. "మేడం, ఒక నిమ్మకాయ తొక్కనీకి ఇంతమందిమి పంచుకున్నం. ఆ ఎర్రగీత మాత్రం ఈమె ఒక్కదాని పేరు మీదనే ఎందుకుండాలె?"

ఆఫీసరమ్మ చేతుల మట్టి దులుపుకుంటూ కమిషనర్ వైపు చూసింది. "అది గూడ పంచుకోండ్రి" అంది.

ఆ తర్వాతి వారం నుంచి ఎక్కడ డబ్బా గీసినా గీత అందరికీ పడింది. ఊడ్చేవాళ్లకు, జవానుకు, నాకు, కంట్రాక్టరుకు, కమిషనర్‌కు. కమిషనర్ భార్యాపిల్లలతో సినిమాకు పోయినా ఫోను మోగేది. కొన్నాళ్లకే అసలు ఆ గీతలే అక్కర్లేదని, తీసేయమని ఆయనే కంపెనీకి రాశాడు. పచ్చ డబ్బా, ఎర్ర డబ్బా మిగిలాయి, మనుషుల మీద గీతలు పోయాయి. అవార్డు విషయానికి వస్తే, ఏఐకి రాలేదు. ఆటో తోస్తున్న ఫోటో ఎవరో పైకి పంపితే, చెత్త పనిలో అధికారులు, ప్రజలు కలిసి పాల్గొన్నందుకు ప్రశంసాపత్రం వచ్చింది. ఇంకో సర్క్యులర్ కూడా వచ్చింది. "కెమెరాలకు నిమ్మకాయలు కట్టదలచినచో వెనుక వైపున మాత్రమే కట్టవలెను."

పిల్లలూ, మిషను చెడ్డదని నేను చెప్పను. దానికి చెప్పేవాళ్లం మనమే, మనకే తెలియని సంగతులు చాలా ఉన్నాయి. అది తప్పు చేసినప్పుడు ఆ బరువు ఎవరి నెత్తిన పడుతోందో మాత్రం చూసుకోండి. ఎప్పుడూ చీపురు పట్టినవాళ్ల మీదనే పడుతుంది.

నేను రిటైరైన రోజు సన్మానం అయ్యాక జవాను నన్ను మూడు బాటల కాడికి తీసుకుపోయాడు. "మీకు మస్తు మంది కండ్లు తగిలినయి సార్" అని నిమ్మకాయ చుట్టూ తిప్పి, కోసి, అటొక చెక్క ఇటొక చెక్క పారేశాడు. నేను వద్దనలేదు. వెంటనే నా జేబులో ఫోను మోగింది. నా పేరు ఇంకా సిస్టమ్‌లోంచి తీయలేదు, "మీ పరిధిలో చెత్త ఉంది" అని వచ్చింది.

ఆమె అక్కడే ఉంది. బిడ్డకు మహబూబ్‌నగర్‌లోనే దవాఖానలో నౌకరి దొరికిందని అప్పుడే చెప్పింది. ఇన్నేళ్ల సర్వీసులో ఊడ్వమని చెప్పడమే కానీ ఒక్కసారి కూడా ఊడ్వలేదు. ఈ ఒక్కటి నేనే తీసేస్తానని ఆమె చేతిలో చీపురు అందుకుని ముందుకు వంగాను.

ఆమె నా చేయి పట్టి ఆపింది.

"జర ఆగుండ్రి సారు. ఇంక బండి తొక్కలే."

ఇద్దరం పక్కకు జరిగి రోడ్డు వైపు చూస్తూ నిలబడ్డాం. ఆ పూట ఏ బండీ తొందరగా రాలేదు. నాకూ తొందరేం లేదు.